అర్థంకాని గొంతులు

ఆరో అంతస్తు, వీధివైపు గది
జనవరి 11

అక్కా,

నీ ఉత్తరం అందింది. కొత్త ఉద్యోగంలో చేరానన్నావు గానీ ఏం ఉద్యోగమో రాయలేదు. "చెవులతో చేసే పని" అని ఒక్క ముక్క రాసి వదిలేశావు. బడి ఆఫీసులో అన్నేళ్ళు వేళ్ళతో టైపు కొట్టినదానివి, ఇప్పుడు చెవులతో ఏం కొడుతున్నావో ఎంత ఆలోచించినా తట్టలేదు.

నా సంగతులంటావా, ఒక్కటే ఉంది. మా భవనంలో లిఫ్టు మార్చారు. పాతదానికి మీటలుండేవి, నొక్కితే చాలు. ఇప్పుడు వాటి స్థానంలో నున్నటి రేకు బిగించారు. లోపలికి వెళ్ళి నిలబడితే "ఏ అంతస్తు?" అని ఆడగొంతు అడుగుతుంది. మనం నోరు తెరిచి చెప్పాలి. చెప్పాల్సింది ఒక్క మాటే, ఆరు. మొదటిరోజు నాతోపాటు ముగ్గురున్నారు. ఒక్కొక్కరే రెండు, నాలుగు, ఐదు అన్నారు. నా వంతు వచ్చేసరికి అందరూ నావైపు చూస్తున్నట్టనిపించి నేలచూపులు చూస్తూ నిలబడ్డాను. నాలుగులో దిగే ఆవిడ వెనకాలే నేనూ దిగి, మిగతా రెండంతస్తులూ ఎక్కాను. మర్నాడు ఎవరూ లేనప్పుడు చూసి ఎక్కి, "ఆరు" అన్నాను. "క్షమించండి, మళ్ళీ చెప్పండి" అంది. మళ్ళీ అన్నాను. మూడో అంతస్తుకు తీసుకెళ్ళి తలుపులు తెరిచింది. నేనన్నదే తప్పేమో అనుకుని దిగిపోయాను. అప్పటినుంచీ మెట్లే. మోకాళ్ళకు మంచిదని నాకు నేనే చెప్పుకుంటున్నాను.

కళ్ళజోళ్ళ షాపులో పని మామూలే. ముందుహాల్లో ఉండే అమ్మాయి గోడకున్న చిన్న కిటికీలోంచి ట్రే జరుపుతుంది. అందులో ఫ్రేము, అద్దాలు, చీటీ ఉంటాయి. చీటీ చూసి అద్దం అరగదీసి, ఫ్రేములో కూర్చోబెట్టి, తుడిచి మళ్ళీ జరుపుతాను. పన్నెండేళ్ళుగా ఎంతమంది కళ్ళకు అద్దాలు చేశానో లెక్కలేదు. ఒక్కరి ముఖం కూడా చూడలేదు. ఏడాది చివర్లో మా షాపాయన అందరికీ తలా ఒక మాట్లాడే పెట్టె ఇచ్చాడు. పేరు పెట్టి పిలిస్తే మేలుకుని, వాన పడుతుందా అంటే చెబుతుందట, పాట పెట్టమంటే పెడుతుందట. ఇంటికి తెచ్చుకున్నాను.

నీ పని ఏమిటో ఈసారైనా రాయి.

తమ్ముడు

---

నర్సరీ బడి పైన అద్దె వాటా
ఫిబ్రవరి 2

చిన్నోడా,

లిఫ్టు సంగతి చదివి నవ్వాను, తరవాత నవ్వినందుకు బాధపడ్డాను. నలభై రెండేళ్ళొచ్చినా నిన్నింకా చిన్నోడనే పిలుస్తున్నట్టే, నువ్వూ చిన్నప్పుడు ఉన్నట్టే ఉన్నావు. ఇంటికి చుట్టాలొస్తే మంచం కిందికి దూరేవాడివి. కాళ్ళు మాత్రం బయటికి కనిపించేవి.

నా పని చెబుతాను. నీ దగ్గరున్నదే, ఆ మాట్లాడే పెట్టె, దానికి కొన్ని మాటలు అర్థం కావు కదా. అలా అర్థంకానివన్నీ ముక్కలు ముక్కలుగా మా దగ్గరికొస్తాయి. పేరుండదు, ఊరుండదు, నంబరూ టైమూ అంతే. చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని విని, ఆ మనిషి ఏమన్నాడో టైపు చేయాలి. నత్తి ఉన్నవాళ్ళు, పళ్ళు లేనివాళ్ళు, జలుబు చేసినవాళ్ళు, నోటినిండా తిండి పెట్టుకుని మాట్లాడేవాళ్ళు. మరీ మెల్లగా మాట్లాడేవాళ్ళు కూడా. ఒక గొంతును ఎప్పుడూ ఒకే మనిషికి ఇస్తారు, అలవాటు పడితే తొందరగా తెలుస్తుందని. నా వాటాకు ముప్ఫై రెండు గొంతులొచ్చాయి. పొద్దున తొమ్మిదికి కూర్చుంటే సాయంత్రం ఐదింటికి లేస్తాను. ఇంటికొచ్చాక కూడా ఎవరో ఒకరు చెవిలో వాన గురించి అడుగుతూనే ఉంటారు.

విన్నది బయట చెప్పకూడదని సంతకం పెట్టించుకున్నారు. అందుకని ఇప్పుడు రాసేది సగమే రాస్తాను. ఆ ముప్ఫై రెండింటిలో ఒకటుంది. అంతకంటే చెప్పను.

నీతో మాత్రం ఒకటి చెప్పాలి. నీ మనసులో ఏదైనా ఉంటే నాకే నేరుగా రాయి. గోడలకు చెప్పుకోవడం దేనికి. నేనేం పరాయిదాన్నా. ఆయన పోయాక నాకు మిగిలింది నువ్వొక్కడివే, నీకు మిగిలింది నేనొక్కదాన్నే. ఫోనులో నీకు మాట రాదని తెలుసు, అందుకే ఏనాడూ బలవంతపెట్టలేదు. కాగితం మీద నీ అంత బాగా మాట్లాడేవాడు ఇంకొకడు లేడు.

ఏమిటో, ఈ మధ్య నువ్వు నాకు చాలా దగ్గరగా ఉన్నట్టుంటోంది.

అక్క

---

ఆరో అంతస్తు
ఫిబ్రవరి 24

అక్కా,

"గోడలకు చెప్పుకోవడం దేనికి" అని ఎందుకు రాశావో మూడుసార్లు చదివినా బోధపడలేదు. నేను గోడలతో మాట్లాడుతున్నానని నీకెవరు చెప్పారు. నన్ను పలకరించేవాళ్ళే లేరే, నా మీద చాడీలు చెప్పేవాళ్ళు ఎక్కణ్ణుంచి వస్తారు. పోనీ నేనే నిద్రలో ఏమన్నా కలవరిస్తున్నానా అనుకుంటే, అది నీదాకా ఎలా వస్తుంది.

సరే, ఇక్కడ ఒక చిన్న సంగతి జరిగింది. ఐదో అంతస్తులో బొమ్మల మాస్టారని ఒకాయన ఉన్నాడు. ముప్ఫై ఏళ్ళు పిల్లలకు బొమ్మలు గీయడం నేర్పాడట. పక్షవాతం వచ్చి తగ్గింది గానీ మాట ముద్దగా వస్తుంది. పోయిన మంగళవారం సాయంత్రం పని నుంచి వచ్చేసరికి ఆయన కింద లిఫ్టులో నిలబడి ఉన్నాడు, తలుపులు తెరుచుకుని ఉన్నాయి. "ఏ అంతస్తు?" అంటుంది. ఆయన ఏదో అంటాడు. "క్షమించండి" అంటుంది. ఎంతసేపటినుంచి అలా ఉన్నాడో గానీ చొక్కా చెమటతో తడిసిపోయింది. నన్ను చూశాడు. సాయం కావాలని అడగలేదు, అడగలేడు కూడా. నేను మెట్లవైపు రెండడుగులు వేసి, వెనక్కొచ్చి, తల లోపలికి పెట్టి "ఐదు" అన్నాను.

ఒక్కసారికే విన్నది. నాకు ఆరు పలకదు గానీ ఐదు పలికిందక్కా.

ఇప్పుడు రోజూ ఐదూ ముప్పావుకు కింద ఆయన ఉంటాడు. ఇద్దరం ఎక్కుతాం. నేను ఐదు అంటాను, ఇద్దరం దిగుతాం, ఆయన తన తలుపు తీసుకుంటాడు, నేను ఒక అంతస్తు ఎక్కుతాను. మా మధ్య ఇంకో మాట లేదు. ఇది స్నేహమంటారా, ఇంకేమంటారో తెలియదు. ఒకరోజు ఆయన రాలేదు. నేను కింద పావుగంట నిలబడ్డాను, ఎందుకు నిలబడ్డానో నాకే తెలియలేదు.

ఆ ఒక్క గొంతు సంగతి సగం చెప్పి ఆపావు. మిగతా సగం చెప్పవు కదా.

తమ్ముడు

---

నర్సరీ బడి పైన
మార్చి 9

చిన్నోడా,

మాస్టారికి నువ్వు మాట సాయం చేశావంటే ఎంత సంతోషమేసిందో. కానీ ఆ సంగతి తరవాత రాస్తాను.

నువ్వు నాకు ఏదో చెప్పాలనుకుంటున్నావు. నాకు తెలుసు. ఎలా తెలుసని అడక్కు, చెప్పలేను. నోటిదాకా వచ్చి ఆగిపోతోందని కూడా తెలుసు. ఈ వారంలో నాలుగుసార్లు ఆగిపోయింది. ఒంట్లో బాగాలేదా. ఉద్యోగం పోయిందా. ఎవరినైనా ఇష్టపడ్డావా. ఏదైనా తప్పు చేశావా. నాకు పని మీద మనసు నిలవడం లేదు, నిన్న మా సూపర్వైజరమ్మ "ఏంటండీ, ఒక్క ముక్కనే పదిసార్లు వింటున్నారు" అని అడిగింది. సరిగ్గా వినబడలేదని అబద్ధం చెప్పాను.

ఏదైనా సరే రాసెయ్యి. నేను కోప్పడను.

అక్క

---

ఆరో అంతస్తు
మార్చి 30

అక్కా,

నీ ఉత్తరం వచ్చి పద్దెనిమిది రోజులైంది. మొదట నీకు మతి చెదిరిందేమోనని భయపడ్డాను. తరవాత నా మతి చెదిరింది. ఎందుకంటే నువ్వన్నది నిజం. నీకు చెప్పాల్సింది ఒకటుంది, ఐదేళ్ళుగా ఉంది. నేను ఎవరితోనూ అనలేదు, కాగితం మీద పెట్టలేదు. నీకు ఎలా తెలిసిందో ఊహకు అందడం లేదు. తెలిసిపోయాక దాచుకుని లాభం లేదు.

బావకు ఆపరేషన్ అయిన రోజు నా ఫోను చెడిపోలేదు.

ఆ రోజు నాకు సెలవు. గదిలోనే ఉన్నాను. రెండుంబావుకు మొదటిసారి మోగింది. నీ నంబరే. ఆపరేషన్ గదిలోకి తీసుకెళ్ళి ఉంటారని, నువ్వు బయట బెంచీమీద ఒక్కదానివే ఉంటావని కూడా తెలుసు. ఎత్తి ఏమనాలా అని ఆలోచించాను. "ఏమైంది" అంటే, ఏమీ కాకుండానే ఏదో అయినట్టుంటుంది. "ధైర్యంగా ఉండు" అనడానికి నేనెవర్ని, నాకెక్కడుంది ధైర్యం. మాట కుదిరేలోపే మోత ఆగిపోయింది. ఈసారి మోగితే ఎత్తుదామనుకున్నాను. మోగింది. ఎత్తలేదు. మొదటిసారి ఎందుకెత్తలేదని అడుగుతావేమో, దానికి జవాబు ముందు కుదరాలి కదా అనుకున్నాను. ఇలాగే ప్రతిసారీ. ఒక్కోసారి ఎత్తనికొద్దీ తరవాతిది ఇంకా కష్టమైంది. ఐదోసారికి ఫోను తీసి బట్టల కింద పెట్టాను. అక్కణ్ణుంచి కూడా వినపడింది. ఆరింటికి ఇరవై నిమిషాల ముందు పదకొండోసారి మోగి ఆగింది. అప్పుడు ఫోను అక్కడే వదిలి, తాళం వేసుకుని వీధిలోకి వెళ్ళిపోయాను, తిరిగొచ్చాక కూడా దాన్ని తీసి చూడలేదు.

వేరేవాళ్ళ ద్వారా కబురు తెలిసి మూడోరోజు నీ ఇంటికొచ్చాను. ఫోను రిపేరులో ఉందని చెప్పాను. నువ్వు వెంటనే నమ్మావు. "పాపం, నీ ఫోను కూడా ఇప్పుడే చెడాలా" అన్నావు. ఆ స్థితిలో ఉండి కూడా నన్నే పాపం అన్నావు. ఆ మాట ఇన్నేళ్ళుగా నన్ను తిననివ్వలేదు, పడుకోనివ్వలేదు. రెండు రోజులుండి, తలూపి వచ్చేశాను. ఆ తరవాత మళ్ళీ నీ ముందుకు రాకపోవడానికి కారణం అదే, సెలవు దొరక్కపోవడం కాదు.

కోప్పడనన్నావు. కోప్పడు.

తమ్ముడు

---

నర్సరీ బడి పైన
ఏప్రిల్ 15

తమ్ముడికి,

పదకొండు కాదు, పన్నెండు.

పన్నెండోది ఆయన పోయారని చెప్పాక, ఆసుపత్రి మెట్లమీద కూర్చుని చేశాను. అప్పటికి నువ్వు వీధిలోకి వెళ్ళిపోయి ఉంటావు.

కోప్పడనన్నాను, నువ్వేం చెబుతావో తెలియక అన్న మాటది. కోపం వచ్చింది. పది రోజులు నీ ఉత్తరాన్ని బియ్యండబ్బా వెనక పెట్టి దాని ముఖం చూడలేదు. ఆ రోజు నడవాలో ఉన్నవాళ్ళందరి పక్కనా ఎవరో ఒకరున్నారు. ఒక నర్సు వచ్చి "మీ తరఫున ఎవరూ రాలేదా అమ్మా" అని అడిగితే, "మా తమ్ముడికి ఫోను దొరకడం లేదు" అన్నాను. అది నిజమనుకుని అన్నాను.

ఇక ఎలా తెలిసిందని అడిగావు కాబట్టి చెబుతాను. సంతకం గింతకం నాకిప్పుడు పట్టడం లేదు. నేను చెప్పకుండా వదిలేసిన గొంతు నీదే. రోజూ మధ్యాహ్నంపూట ఆ పెట్టెను పిలుస్తావు. అది ఏం కావాలంటుంది. కాసేపు ఊపిరి మాత్రం వినిపిస్తుంది. అప్పుడు "అక్కా, నీకొక మాట చెప్పాలి" అంటావు. 'క్కా' దగ్గర ఆగి, చిన్నప్పుడు పిలిచినట్టే. అంతే, ఆపేస్తావు. పెట్టెకేం తెలుసు, అర్థం కాలేదంటుంది. అది నా దగ్గరికొస్తుంది. మొదటిసారి విన్నప్పుడు హెడ్‌ఫోన్లు తీసి మళ్ళీ పెట్టుకున్నాను. రోజూ నీ గొంతు వినడం కోసమే పనికెళ్ళాను. నాకు చేయాల్సిన ఫోను చేయకుండా ఒక డబ్బా ముందు కూర్చుని ఆ మాటలు వల్లె వేశావే, అదింకా అర్థం కావడం లేదు నాకు. ఎందుకని కష్టమైంది నీకు. నేనేం పులినా.

ఇంతకుమించి ఈరోజు రాయలేను.

అక్క

---

ఆరో అంతస్తు
ఏప్రిల్ 27

అక్కా,

ఆ గొంతు నాది కాదు.

షాపాయన ఇచ్చిన పెట్టె అలమరలో ఉంది. పైన చుట్టిన కాగితం కూడా విప్పలేదు. ఇచ్చిననాటినుంచీ అలాగే ఉంది. మధ్యాహ్నంపూట నేను షాపు వెనకగదిలో ఉంటాను, అక్కడ అరగదీసే మిషను రొదలో మనిషి అరిచినా వినపడదు. నువ్వు విన్న మనిషెవరో నాకు తెలియదు. ఎవరికో తమ్ముడు.

నీ ఉత్తరం చదివి రెండు రోజులు పనిలో ఎడమ అద్దం కుడివైపు, కుడిది ఎడమవైపు కూర్చోబెట్టాను. ఎవరి మీద కోపం రావాలో తెలియలేదు. నా గొంతు నీకు గుర్తులేదని ఏడవాలా, లోకంలో ఎవడో అక్కా అంటే నేనే అనుకున్నావని సంతోషపడాలా. గుర్తులేదని నిన్ను అనడానికీ నోరు రావడం లేదు. గుర్తుండేటంతగా నేనెప్పుడు మాట్లాడాను కనక. ఒకటి మాత్రం నిజం. అతను చెప్పలేనిది నాచేత చెప్పించావు. అతనెవరో లేకపోతే నేను చచ్చేదాకా ఆ ఫోను రిపేరులోనే ఉండేది.

మాస్టారికి ఈ సంగతి చెప్పాను. నిజంగానే, నోటితో, లిఫ్టులో. మొత్తం కాదు, "మా అక్కకు ఒక అబద్ధం చెప్పానండీ" అన్నంతవరకే. ఆయన చాలాసేపు ఏదో చెప్పాడు. ఒక్క ముక్క అర్థం కాలేదు. నేను తలూపాను. ఆయనకూ తెలుసు నాకర్థం కాలేదని. అయినా పూర్తిగా చెప్పాడు.

పన్నెండోది నాకు తెలియదక్కా. పదకొండే అనుకుని బతికాను.

తమ్ముడు

---

నర్సరీ బడి పైన
మే 19

చిన్నోడా,

నువ్వు వెళ్ళి నాలుగు రోజులైంది. నువ్వున్న రెండు రోజులూ మనం మాట్లాడుకున్నది ఒక పేజీకి మించదు. అందుకే మళ్ళీ కాగితం తీశాను. జరిగింది నీకు తెలిసిందే అయినా, నావైపునుంచి ఎలా ఉందో నీకు తెలియదు.

కబురు లేకుండా వచ్చావు. తలుపు చప్పుడైంది. "ఎవరండీ" అన్నాను. "నేనే" అని వినిపించింది. ఎవరో మగమనిషి, బొంగురుగొంతు. ఎవరిదో పోల్చుకోలేకపోయాను. "నేనే అంటే ఎవరు, ఏం కావాలి" అన్నాను, గొళ్ళెం మీద చెయ్యి పెట్టుకునే. వెళ్ళిపోయాడేమో అనుకున్నాను. అప్పుడు "నీ తమ్ముణ్ణి" అన్నావు.

గొళ్ళెం వెంటనే తియ్యలేకపోయాను. సిగ్గేసింది. చెవులతో బతుకుతున్నదాన్ని, సొంత తమ్ముణ్ణి ఏం కావాలని అడిగాను. తీసి చూస్తే గుమ్మంలో చెమట్లు కక్కుతూ సంచి పట్టుకుని నిలబడ్డావు. నీ గొంతు ఆ మనిషి గొంతుకు ఏ మూలా దగ్గర లేదురా. నాన్న గొంతు అది, అచ్చు నాన్నదే. నీకెప్పుడొచ్చిందో, ఎన్నేళ్ళనుంచి నీ దగ్గరుందో నాకు తెలియదు.

తరవాతంతా గందరగోళమే. ఇద్దరం ఒకేసారి మాట మొదలుపెట్టడం, ఒకేసారి ఆపేయడం. నువ్వు కడిగిన గ్లాసులే మళ్ళీ కడిగావు. నేను అడిగిందే మళ్ళీ అడిగాను. కింద బడిపిల్లలు వదిలిన వేళ నువ్వు కిటికీ దగ్గర నిలబడి చూస్తుంటే నాకు నీమీద ప్రేమ వచ్చింది. ఆ మరుక్షణమే ఆసుపత్రి మెట్లు గుర్తొచ్చి నీ వీపుమీద ఒక్కటి వేయాలనిపించింది. రెండూ అబద్ధం కాదు. ఏది ముందు పోతుందో, అసలు పోతుందో లేదో తెలియదు. పోవాలని నన్ను నేను తొందరపెట్టుకోను, నువ్వూ నన్ను తొందరపెట్టకు.

ఆ మనిషి ఇంకా వస్తున్నాడు. నిన్న కూడా అక్కా అని ఆగాడు. ఇప్పుడతను నువ్వు కాదని తెలిసి వింటుంటే వేరేగా ఉంది. అతనికి కబురు చేసే దారి లేదు. నంబరూ టైమూ తప్ప ఏమీ ఇవ్వరు, అడిగితే ఉద్యోగం పోతుంది. ఎక్కడో ఒక అక్క ఉంది, ఆమెకేం తెలియదు, నాకు తెలుసు. ఏం చేయాలో తోచక, అతనన్నది అన్నట్టే ఒక్క అక్షరం మార్చకుండా టైపు చేసి పంపుతున్నాను. సూపర్వైజరమ్మకు చెప్పి ఆ గొంతును ఇంకొకరికి మార్పించుకుందామనుకున్నాను గానీ, ఆ ఇంకొకరు ఇంత జాగ్రత్తగా వింటారో లేదోనని ఊరుకున్నాను.

ఇక బస్సు దగ్గర నేనడిగిన మాట. రెండు రోజులూ నాలుక చివర్న పెట్టుకుని తిరిగాను. నువ్వు మెట్టెక్కబోతుంటే చొక్కా పట్టుకుని అడిగేశాను, "ఆ రోజు ఫోనెత్తి ఉంటే ఏమనేవాడివి" అని. వెనకాల జనం తోసుకుంటున్నారు. కండక్టరు కేకలేస్తున్నాడు. నువ్వు తల వంచుకుని ఆలోచించావు. ఇన్నేళ్ళు కుదరని మాట ఇప్పుడేం కుదురుతుందిలే అనుకున్నాను.

"ఏమీ అనేవాణ్ణి కాదక్కా. నువ్వేం చెప్పినా ఊ అనేవాణ్ణి" అన్నావు.

బస్సు కదిలిపోయింది, నీకు జవాబు చెప్పలేకపోయాను. ఇప్పుడు చెబుతున్నాను. ఆ ఊ కోసమేరా పన్నెండుసార్లు చేసింది.

అక్క